తక్‌పట్టీ

పొద్దుగాల తొమ్మిదింటికే
బాదేపల్లి మార్కెట్ యార్డుల పల్లికాయ కుప్పలు
షెడ్డు దాటి సిమెంటు రోడ్డు మీదికొచ్చినయి.
నా తెర మీద మాత్రం
తెల్ల డబ్బా ఒకటి, ఎర్ర గుర్తు ఒకటి:
ఫలానా డీఎల్ఎల్ దొరకలేదు.

దొరకకపోవుడేంది?
నిన్న సాయంత్రం దాక ఏడు వందల పన్నెండు లాట్లు
ఇదే కుర్చీల కూసొని కొట్టిన.
రాత్రికి రాత్రి ఎవరో పట్నం నుంచి
తీగెలకెల్లి వచ్చి కొత్త విండోస్ ఎక్కించి పోయిండ్రు.
పాత ఇంట్ల సామాను
కొత్త ఇంట్లకు రాలే.

కిటికీ అవతల లైను పెరుగుతున్నది.
"ఏమైందమ్మా?"
ఎట్ల చెప్పాలె?
మీ పేరు, మీ ఊరు, మీ కాయల తేమ, మీ క్వింటాళ్లు
అన్నీ గోడ అవతల సర్వర్ల భద్రంగనే ఉన్నయి.
అడిగే ప్రశ్న నా దగ్గరుంది.
ప్రశ్నను మోసుకపోయి
జవాబును మోసుకొచ్చేటోడు
ఇయ్యాల పనికి రాలే, అంతే.

"లైబ్రరీ ఫైలు లేదంట" అన్న.
"లైబ్రరీ బస్టాండు ఎనక ఉంటది గద,
శుక్రవారం బంద్" అన్నడొకాయన.
లైనంత నవ్వింది. నాకు నవ్వు రాలే.

సాఫ్ట్‌వేర్ పెట్టిన సారు నంబరు
ఇప్పుడు ఇంకెవరిదో.
ఒక పిల్లగాడు ఎత్తి
"రాంగ్ నంబర్ ఆంటీ" అని పెట్టేసిండు.

ఫోల్డర్లన్నీ తెరిచి ఎతికిన.
ఉంది! నా కండ్ల ముంగటనే ఉంది.
ఉన్నదాన్నే లేదంటది మిషిని.
ముప్పై రెండు బిట్ల ప్రోగ్రాము
అరవై నాలుగు బిట్ల ఫైలును గుర్తుపట్టదంట.
ముప్పై రెండని బోర్డున్న ఫోల్డర్ల అరవై నాలుగువి,
అరవై నాలుగని రాసున్న దాంట్ల ముప్పై రెండువి.
మా దిక్కు పెద్ద తండా చిన్నది, చిన్న తండా పెద్దది,
కొత్త కండక్టరు రోజూ తిట్లు తింటడు,
గట్లనే ఇది.

షబ్బీర్ మీసేవల ఒక పాత కంప్యూటర్ ఉంది,
మక్క గట్క రంగుది, తుమ్ముకుంట లేస్తది.
ఉషన్న తన టీవీఎస్ మీద తీస్కపోయిండు.
హమాలి ఉషన్న. బిల్ల నంబరు నలభై ఆరు.
భుజం మీది గోనె పట్ట
పెండ్లికి పోయినా తియ్యడని యార్డంత నవ్వుతరు.
తొవ్వల అడిగిండు:
"ఆ ఫైలు ఏం జేస్తది మేడం?"
"దానికదే ఏం జేయది.
తెర లేదు, బొమ్మ లేదు, నొక్కినా తెరుచుకోదు.
ఎవలన్న పిలిస్తె వస్తది, మోస్తది, పోతది.
పది సాఫ్ట్‌వేర్లకు అదొక్కటే."
రైలు గేటు దాక ఉషన్న మాట్లాడలే.
గేటు కాడ బండి ఆపి,
"అయితే మా గుంపుదే" అన్నడు.

పెన్‌డ్రైవుల రెండు వందల కేబీ. చిటికెడు.
వచ్చి నల్ల తెరల ఒక్క లైను కొట్టి
ఎంటర్ నొక్కి కండ్లు మూసుకున్న.
సక్సెస్ అన్నది.
ప్రింటరు గొంతు సవరించుకున్నది.
జంగిలమ్మ, గంగాపురం, పద్నాలుగు బస్తాలు, తేమ ఎనిమిది.
కాగితం ఎచ్చగుండంగనే చేతులు మారింది.

రాత్రి ఎనిమిది. యార్డు ఊడుస్తున్నరు.
రాలిన కాయలు ఏరుకునే ముసలామె కూడ పోయింది.
ఉత్తగనే ఒక ప్రశ్న రాసిన:
ఇయ్యాల బస్తాలు మోసినోళ్ల పేర్లు.
మల్ల అదే తెల్ల డబ్బా.
అసొంటి కాలమ్ లేదు.
పొద్దుగాల లెక్క అబద్ధం కాదిది, నిజంగనే లేదు.
రైతు పేరుంది, ఏజెంటు పేరుంది, కొన్న సేటు పేరుంది,
తేమ కొలిచిన మిషిని నంబరు గూడ ఉంది.
హమాలీ అని ఒక గడుంది,
దాంట్ల పేరు పట్టదు,
పైసలు పడ్తయి.

ఉషన్న కిటికీల తల పెట్టిండు.
"మంచిగ నడుస్తుందా మేడం?"
"నడుస్తుంది" అన్న.
పాడైన తక్‌పట్టీ ఒకటి తిప్పి
ఎనక పెన్నుతోని నలభై ఆరు అని రాసి,
కొట్టేసి,
"మీ ఇంటిపేరేందే?" అని అడిగిన.